తాత కనిపించిన మూడు క్షణాలు

మేడారం జాతరకు ఇంకా నెల ఉంది. గార్ల దగ్గర మా గూడెంలో రాత్రి అందరం టీవీ ముందు కూర్చున్నాం. జాతర ఏర్పాట్ల వార్త వస్తోంది. దాని వెనుక పాత జాతర దృశ్యాలు వేశారు. జంపన్న వాగు, గద్దెలు, బంగారం మోస్తున్న జనం, వాళ్ల మధ్య డోలు కొడుతూ మా తాత! ఆయన చనిపోయి అప్పటికి రెండేళ్లు. "అగో, మీ తాత!" అంటూ అవ్వ లేచింది. ఆమె టీవీ దగ్గరికి పోయేలోపే బొమ్మ మారిపోయింది. మళ్లీ వేస్తారేమోనని ఆ రాత్రి చాలాసేపు మేల్కొనే ఉన్నాం.

మా ఇంట్లో తాతవి రెండే ఫోటోలు, ఒకటి రేషన్ కార్డు మీద, ఒకటి ఆధార్ మీద. కదిలే తాత ఆ మూడు క్షణాల్లోనే ఉన్నాడు. ఆ ఛానల్‌కు ఫోన్ చేస్తే, "అవి ఫైల్ విజువల్స్, ఏ ఏడాదివో తెలియదు" అన్నారు.

తీసిన వీడియోను దాచేటప్పుడు ఊరు, తేదీ, మనిషి పేరు రాయకపోతే మిగిలేది "గిరిజనులు" అన్న ఒక్క మాటే. వార్త తొందరలో ఆ మాటతో వెతికితే ఏది దొరికితే అది తెర మీదికి వస్తుంది. అందుకే పోడు భూముల్లో పంట పోయిన వార్త వెనుక కూడా కొమ్ము నృత్యం చూశాం. "ఏడ్చే ఇంట్ల డోలేంది బిడ్డా?" అని అవ్వ అడిగింది.

తేదీ లేకపోతే చరిత్ర కూడా జరిగిపోతుంది. ఏటా సెప్టెంబర్ 17 వచ్చిందంటే నిజాం పటేల్‌కు నమస్కరిస్తున్న బొమ్మ కనిపిస్తుంది. 1948లో లొంగిపోయిన రోజుదే అనుకుంటాం. అది 1949 ఫిబ్రవరిలో పటేల్ బేగంపేట విమానాశ్రయానికి వచ్చినప్పటిది.

పాత దృశ్యాలను గౌరవంగా వాడినవాళ్లూ ఉన్నారు. మొదటి ప్రపంచ యుద్ధపు మూగ రీళ్లతో పీటర్ జాక్సన్ 2018లో ఒక డాక్యుమెంటరీ తీశాడు. ఆ సైనికులు ఏం మాట్లాడుతున్నారో తెలుసుకోవడానికి పెదాల కదలిక చదివేవాళ్లను పిలిపించాడు. వందేళ్ల కిందటి సైనికుడి మాట కోసం అంత కష్టపడ్డారు. మా తాత డోలు చప్పుడు మీద మాత్రం వేరే సంగీతం వేశారు.

మన గిరిజనుల పాత దృశ్యాలు దూరదేశంలోనూ ఉన్నాయి. 1940లలో హైదరాబాద్ రాజ్యంలో చెంచులు, కొండరెడ్లు, గోండుల మధ్య తిరిగిన హైమన్‌డార్ఫ్ తీసిన ఫోటోలు, ఫిల్ములు లండన్‌లోని సోయాస్‌లో భద్రంగా ఉన్నాయి. ఆయన దాచబట్టే అవి మిగిలాయి, నిజమే. కానీ ఆ ముఖాలను చూసి "ఈమె మా ముత్తవ్వ" అనగలిగేవాళ్లు గూడేల్లో ఉన్నారు. వాళ్లకు చూపించకుండా ఆ పేర్లు ఎట్లా దొరుకుతాయి?

మనకు ఇది కొత్త విద్య కాదు. మన డోలీలు పడిగె విప్పితే, అందులోని బొమ్మ ఏ వేల్పుదో, ఏ గట్టుదో చెప్పి కథ పాడతారు. బొమ్మకు పేరు, కథ తోడుగా ఉండాలని మనకు పెద్దలు ఎప్పుడో నేర్పారు.

అందుకే మా పిల్లలం కొందరం ఫోన్‌లతో పెద్దవాళ్ల మాటలు తీస్తున్నాం. ముందు వాళ్లను అడుగుతాం. వద్దంటే తీయం. ప్రతి వీడియో మొదట్లో మనిషి పేరు, ఊరు, తేదీ వాళ్ల నోటితోనే చెప్పిస్తాం. ఒక్క ఫోన్‌లోనే ఉంచకుండా రెండు చోట్ల దాస్తున్నాం. పంతుళ్లు తోడైతే ప్రతి బడిలోనూ ఈ పని చేయొచ్చు. పిల్లలకు తేదీ రాయడం, ప్రశ్న అడగడం వస్తాయి, అవ్వల మాట మిగులుతుంది.

మొదటి వీడియో మా అవ్వదే. పేరు చెప్పమంటే తనది చెప్పి, కాసేపు ఆగి, ఎన్నడూ నోట పలకని తాత పేరు కూడా చెప్పింది. "ఆ టీవోల్లకు గిది పంపుండ్రి" అంది.