తునికి చెట్టు కింద తీరిక

తెలుగువారి అవధాన విద్యలో అవధాని ఏకాగ్రతను చెదరగొట్టే అప్రస్తుత ప్రసంగికి ఒక స్థానం కేటాయించడం వెనుక, మనస్సును ఒకచోట నిలపడమంటే తక్కినవాటిని అడ్డుకోవడమేనన్న గ్రహింపు ఉంది. అమెరికా మనస్తత్వవేత్తలు రేచెల్ కాప్లాన్, స్టీఫెన్ కాప్లాన్ 1989లో వెలువరించిన గ్రంథంలో అలసిపోయేది ఈ అడ్డుకునే శక్తేననీ, వాగు పారడం, ఆకులు కదలడం వంటివి చూపును బలవంతపెట్టకుండానే నిలుపుతాయి గనుక ఆ శక్తి తిరిగి కూడుకునే వ్యవధి దొరుకుతుందనీ ప్రతిపాదించారు.

ఆ లెక్కన జగిత్యాల జిల్లా బీర్పూర్ పరిసరాలకు లోటేమీ ఉండకూడదు. నరసింహస్వామి గుట్ట, రోళ్లవాగు, టేకు, తునికి చెట్లున్న అడవి, ఉత్తరాన గోదావరి, నది ఆవల 2012లో పులుల అభయారణ్యమైన కవ్వాల్ అన్నీ చేరువలోనే ఉన్నాయి. అయితే వేసవిలో ఎండ ముదరకముందే అడవికి వెళ్లి, చిల్లు లేని లేత తునికాకును ఏరుతూ, ఎలుగుబంటి అలికిడికి చెవి ఒగ్గుతూ, యాభై ఆకులకొక కట్ట కట్టే మనిషికి ఆ అడవి విశ్రాంతి స్థలం కాదు, పనిచోటు. కాప్లాన్లు రోజువారీ వ్యాపకానికి ఎడంగా ఉండటాన్ని కూడా ఒక షరతుగా చెప్పింది ఇందుకే. విహారానికి వచ్చినవారు పల్లెవాసుల అదృష్టాన్ని పొగిడేటప్పుడు ఈ షరతును మరచిపోతుంటారు.

కాప్లాన్ల ప్రతిపాదనను పరీక్షిస్తూ 2008లో మార్క్ బెర్మన్, ఆయన సహచరులు మిషిగన్‌లో జరిపిన పరీక్షలో, వృక్షవనంలో సుమారు 50 నిమిషాలు నడిచినవారు, విన్న అంకెలను వెనుక నుండి ముందుకు అప్పజెప్పడంలో, నగర వీధుల్లో నడిచినప్పటికంటే మెరుగుపడ్డారు. చలికాలంలో నడక ఆహ్లాదంగా లేకపోయినా ఫలితం కనిపించింది కాబట్టి, అది కేవలం మనసు కులాసా వల్ల వచ్చినది కాదు. 1984లో రోజర్ ఉల్రిచ్ శస్త్రచికిత్స రోగుల రికార్డులు పరిశీలించి, కిటికీలోంచి చెట్లు కనిపించినవారు ఇటుకగోడ కనిపించినవారికంటే త్వరగా ఇళ్లకు వెళ్లారని చూపాడు. రోగులు 46 మందే గనుక ఈ ఫలితాన్ని కొంత జాగ్రత్తగానే గ్రహించాలి.

అడవి దాటిన తునికాకు జగిత్యాల, కోరుట్ల ప్రాంతాల ఇళ్లలో బీడీలు చుట్టే ఆడవారి చేతికి చేరి, కత్తెరకు, తంబాకుకు, దారానికి మధ్య రోజంతా వారి చూపును కట్టేస్తుంది. సిరిసిల్లలో మరమగ్గాల హోరులో తెగిన పోగును వెతికే కార్మికుడి స్థితీ అంతే. 2020 నుండి ఊరూరా పల్లె ప్రకృతి వనాలు వెలిశాయి గనుక, ఈ ఊళ్లలో చెట్టు దూరమని అనలేము. అయితే కూలి వెయ్యి బీడీల లెక్కన కట్టినంతకాలం, ఆ వనంలో కూర్చునే గంటకు ఎంత నష్టమో ముందుగా లెక్క వేసుకోవలసింది బీడీలు చుట్టే ఇల్లాలే.