శనివారం, ఏడు గంటల ఆరు నిమిషాలు

2018 మే 12, శనివారం, షాంబర్గ్, ఇలినాయ్

పొద్దుటి నుంచి ముసురు పట్టింది. అబ్బాయి, కోడలు సరుకులకు వెళ్ళారు. మనవరాలు హాల్లో కార్పెట్ మీద బోర్లా పడుకుని సినిమా పెట్టుకుంది. ఏదైనా పాత సినిమా చూసి దాని మీద రెండు పేజీలు రాసుకురమ్మని వాళ్ళ ఇంగ్లిషు టీచరు చెప్పిందట. "తాతయ్యా, ఇదంతా స్కూల్లోనే జరుగుతుంది, నువ్వూ రా" అని పిలిచింది. ముప్ఫై మూడేళ్ళు బడిలో బతికినవాణ్ణి, స్కూలు అనగానే వెళ్ళి కూర్చున్నాను.

సినిమా పేరు 'ది బ్రేక్‌ఫాస్ట్ క్లబ్'. రాసిందీ తీసిందీ జాన్ హ్యూస్. 1985 ఫిబ్రవరిలో విడుదలైంది. తప్పు చేసిన ఐదుగురు పిల్లలు సెలవు రోజున, శనివారం, స్కూలు లైబ్రరీలో శిక్షగా కూర్చోవాలి. మన బళ్ళలో గోడకుర్చీ ఎలాగో అక్కడ డిటెన్షన్ అలాగ. వైస్ ప్రిన్సిపాల్ వెర్నన్ వచ్చి టైము చెబుతాడు. ఏడు గంటల ఆరు నిమిషాలైంది, ఇంకా ఎనిమిది గంటల యాభై నాలుగు నిమిషాలు కదలకుండా కూర్చోవాలి, తానెవరో ఎవరికి వారు వెయ్యి మాటల్లో వ్యాసం రాయాలి. ఇక అక్కణ్ణుంచి సినిమా ఆ గది దాటి పెద్దగా బయటికి పోదు.

కుస్తీలు పట్టే ఆండ్రూ, కలవారి అమ్మాయి క్లెయిర్, మార్కుల బ్రయన్, ఎవరితోనూ నోరు విప్పని ఆలిసన్, ఎవరి మాటా లెక్కచెయ్యని బెండర్. వీళ్ళను నేనెరుగుదును. ప్రతి ఏడాదీ ప్రతి సెక్షన్లోనూ ఉండేవాళ్ళు. ఊరు మారినా, పేర్లు మారినా కూర్చునే బెంచీలు కూడా అవే.

ఇద్దరం బాగా నవ్వాం. బెండర్ తలుపుకున్న స్క్రూ పీకేస్తాడు. తలుపు దానంతటదే మూసుకుపోతుంటుంది. వెర్నన్ దానికి కుర్చీ అడ్డం పెడతాడు, నిలవదు. పత్రికల స్టాండు లాక్కొచ్చి పెట్టిస్తాడు. ఆ చిన్న స్క్రూ కోసం ఆయన పడే హైరానా చూసి పాప పడీపడీ నవ్వింది. సగానికి వచ్చేసరికి మాత్రం ఇద్దరమూ నవ్వడం మానేశాం. ఎక్కడ మానేశామో నాకు బాగా గుర్తుంది. ఆ సంగతి రేపో ఎల్లుండో రాస్తాను.

మే 13, ఆదివారం

ఈ జనవరిలోనే క్రైటీరియన్ కంపెనీ వాళ్ళు ఈ సినిమాను కొత్తగా డిస్కు వేశారు. పాప తెచ్చింది అదే. అందులో సినిమా తయారైన తీరు గురించి చాలా ఉంది. తీసేసిన సీన్లు కూడా ఉన్నాయి. రాత్రి పదకొండు దాకా కూర్చున్నాను.

హ్యూస్ షికాగోలో లియో బర్నెట్ అనే ప్రకటనల కంపెనీలో పనిచేశాడు. తర్వాత హాస్య పత్రిక 'నేషనల్ లాంపూన్'కు రాశాడు. ఈ స్క్రిప్టు 1982లో రెండు రోజుల్లో రాసేశాడని చెబుతారు. దర్శకుడిగా ఇదే తన మొదటి సినిమా కావాలనుకున్నాడు గానీ, 1984లో 'సిక్స్‌టీన్ క్యాండిల్స్' ముందు వచ్చింది. ఈ సినిమాకు పెట్టిన ఖర్చు పది లక్షల డాలర్లు. హాలీవుడ్ లెక్కలో అది చిల్లర. ఒక్క అమెరికాలోనే నాలుగున్నర కోట్ల డాలర్లు వసూలు చేసింది.

నాకు బాగా పట్టింది ఆ లైబ్రరీ కథ. డెస్ ప్లేన్స్‌లో మెయిన్ నార్త్ అనే హైస్కూలు 1981లో మూతబడింది. 1984 వసంతంలో సినిమా వాళ్ళు ఆ ఖాళీ బడిలో దిగారు. అక్కడి లైబ్రరీ షూటింగుకు చాలలేదు. జిమ్నేజియంలో రెండంతస్తుల లైబ్రరీ సెట్టు వేశారు. పిల్లలు వదిలి వెళ్ళిన ఆటల హాల్లో పుస్తకాల బీరువాలు లేచాయి!

సినిమా షూటింగంటే వెనకదీ ముందుదీ కలిపి ముక్కలుగా తీస్తారు. హ్యూస్ మాత్రం చాలా వరకు కథ నడిచిన వరసలోనే తీశాడు. పొద్దున ఒకరి ముఖం ఒకరు చూడని ఐదుగురు సాయంత్రానికి దగ్గరవాలి. ఆ దగ్గరతనం నటులకు నిజంగానే రోజురోజుకూ పెరిగి ఉంటుంది. బ్రయన్‌గా వేసిన ఆంథొనీ మైకేల్ హాల్, క్లెయిర్‌గా వేసిన మాలీ రింగ్‌వాల్డ్ ఇద్దరూ అప్పటికి నిజంగా పదహారేళ్ళ వాళ్ళే. బెండర్ వేషం వేసిన జడ్ నెల్సన్‌కు ఇరవై నాలుగు. కెమెరా ఆగాక కూడా అతను బెండర్‌లాగే ఆ అమ్మాయిని సతాయిస్తుంటే, హ్యూస్ ఒక దశలో అతన్ని తీసేద్దామనుకున్నాడు. తోటి నటులు చెప్పి ఆపారు.

అందరూ నేల మీద చుట్టూ కూర్చుని, ఏం చేసి ఇక్కడికి వచ్చారో చెప్పుకునే ఘట్టం ఉంది. అక్కడ చాలా వరకు మాటలు నటులనే సొంతంగా చెప్పుకోమన్నాడట. ఈ సంగతి తెలిసి మళ్ళీ ఆ ఘట్టం పెట్టుకుని చూశాను. ఒకరు మాట్లాడుతుంటే తక్కినవాళ్ళు వినే తీరులో తేడా ఉంది. కంఠతా పట్టిన పద్యం అప్పజెబుతున్నప్పుడు క్లాసు వినే తీరు వేరు, ఒక పిల్లవాడు ఇంట్లో జరిగిన విషయం చెబుతున్నప్పుడు వినే తీరు వేరు. బడిలో పనిచేసిన ఎవరికైనా ఆ తేడా తెలుస్తుంది.

'బానీ అండ్ క్లైడ్'కు కత్తెర పట్టిన డీడీ ఆలెన్ దీనికి ఎడిటర్. పిల్లలు ఒక గదిలో కూర్చుని మాట్లాడుకోవడమే సినిమా. 97 నిమిషాలు ఎక్కడా కుంటుపడకపోవడంలో ఆమె చెయ్యి చాలా ఉంది.

మే 15, మంగళవారం

నవ్వు ఆగిపోయిన చోటు గురించి.

మధ్యాహ్నం భోజనాలు తీస్తారు. క్లెయిర్ నాజూకుగా సుషీ పేర్చుకుంటుంది. ఆండ్రూ సంచీలోంచి చిప్స్, బిస్కెట్లు, శాండ్‌విచ్‌లు, పాలు, పళ్ళు అలా తీస్తూనే ఉంటాడు. ఆలిసన్ బ్రెడ్డు మధ్య మాంసం ముక్కను పైకి విసిరేసి, దాని బదులు చక్కెర పొడి పోసి, కరకరలాడే సీరియల్ కుక్కి, లైబ్రరీ అంతా వినపడేట్టు నములుతుంది. బ్రయన్‌కు వాళ్ళమ్మ సూపు, ఆపిల్ జ్యూసు, అంచులు కోసిన శాండ్‌విచ్ సర్ది పంపింది. ఎవరింట్లో ఎలా ఉంటుందో ఒక్క మాట లేకుండా ఆ తిండే చెబుతుంది.

బెండర్ దగ్గర ఏమీ లేదు. వెళ్ళి బ్రయన్ సంచీ లాక్కుని ఒక్కొక్కటీ తీసి చూపిస్తూ వెక్కిరిస్తాడు. బ్రయన్ ఇల్లు ఎంత ముద్దుగా ఉంటుందో నటించి చూపిస్తాడు. మరి మీ ఇల్లో అని అడుగుతారు. అప్పుడు వాళ్ళ నాన్న గొంతు పెడతాడు, అమ్మ గొంతు పెడతాడు, ఆ తిట్లు, ఆ దెబ్బ. నమ్మలేదని చొక్కా చెయ్యి పైకి లాగి చుట్టతో కాల్చిన మచ్చ చూపిస్తాడు. గరాజ్‌లో పెయింటు ఒలకబోసినందుకు పడిన శిక్ష అది.

నాకు కడుపులో చెయ్యి పెట్టి దేవినట్టయింది. హైస్కూళ్ళకు మధ్యాహ్న భోజనం రాకముందు మాట. తొమ్మిదో తరగతిలో ఒక పిల్లవాడు. లంచ్ బెల్లు కొట్టగానే అందరూ వేపచెట్టు కింద క్యారియర్లు విప్పేవాళ్ళు. వీడు బోరింగు దగ్గర నీళ్ళు తాగి వచ్చి, ఎవరో ఒకరి క్యారియర్ లాక్కుని, మూత తీసి, "ఏరా, మీ అమ్మ ఇదే పెట్టిందా" అని ఎగతాళి చేసేవాడు. ఫిర్యాదు నా దగ్గరికి వచ్చింది. రెండు చేతుల మీదా బెత్తంతో కొట్టాను. నువ్వు తిన్నావా అని మాత్రం అడగలేదు. ఆ ఏడాదే వాడు బడి మానేశాడు. ఎక్కడున్నాడో తెలియదు.

ఇన్నాళ్ళూ ఆ పిల్లవాడు నాకు గుర్తు కూడా రాలేదు.

మే 19, శనివారం

మెయిన్ నార్త్ చూపించమని అబ్బాయిని అడిగితే కారు తీశాడు. "అక్కడ చూడ్డానికేముంది నాన్నగారూ" అన్నాడు గానీ కాదనలేదు. పాప కూడా వచ్చింది.

మెయిన్ నార్త్ కట్టింది 1970లో. పదకొండేళ్ళకే పిల్లలు చాలక మూసేశారు. ఇప్పుడు అందులో రాష్ట్ర పోలీసుల కార్యాలయం ఉంది. లోపలికి వెళ్ళే వీల్లేదు. రోడ్డు మీద నుంచే చూశాం. పాప ఫోన్లో సినిమా మొదటి సీను తీసి, తల్లిదండ్రుల కార్లు ఆగిన చోటు ఇదే అయ్యుంటుందని పోల్చి చూపించింది. సినిమాలో బ్రయన్‌ను దింపే తల్లీ, పక్కనున్న చెల్లీ ఆ నటుడి సొంత తల్లీ చెల్లెలే. సాయంత్రం తీసుకెళ్ళడానికి వచ్చే తండ్రి వేషం హ్యూస్ తనే వేశాడు.

అక్కణ్ణుంచి నార్త్‌బ్రూక్ వెళ్ళాం. కథ జరిగేది షెర్మర్ అనే ఊళ్ళో. అలాంటి ఊరు లేదు. కానీ 1923 దాకా నార్త్‌బ్రూక్ పేరు షెర్మర్‌విల్. హ్యూస్ చదివిన గ్లెన్‌బ్రూక్ నార్త్ హైస్కూలు ఉన్నది షెర్మర్ రోడ్డు మీదే. సినిమాలో చెప్పే పిన్‌కోడు 60062 కూడా ఈ ఊరిదే. పేరు దాచి తన ఊరినే పెట్టుకున్నాడు. సినిమాలు కాలిఫోర్నియాలో తయారయ్యే కాలంలో ఆయన తన బడి చుట్టుపక్కలే తీశాడు. సొంత ఊరి పిల్లల మాట తెలిసినవాడికే ఆ సంభాషణలు కుదురుతాయి. మనకు ముళ్ళపూడి వెంకటరమణకు గోదావరి తీరం ఎలాగో అలాగ.

మే 23, బుధవారం

పాప తన వ్యాసం చదివి వినిపించింది. మెచ్చుకున్నది ఒక పేజీ, తప్పుపట్టింది ఒక పేజీ. రెండోదే బాగుంది.

బల్ల కింద దాక్కున్న బెండర్ క్లెయిర్ పట్ల చేసే పాడు పని దానికి మింగుడుపడలేదు. రోజంతా ఏడిపించినవాడికి ఆ అమ్మాయి సాయంత్రం చెవి పోగు తీసి ఇవ్వడం అసలే నచ్చలేదు. ఆలిసన్‌కు జుట్టు దువ్వి, ముఖానికి రంగులేసి, తీరు మారిస్తేనే ఆండ్రూకు నచ్చడం ఏమిటని అడిగింది. నా దగ్గర సమాధానం లేదు. నాకూ అది తప్పుగానే తోచింది.

పోయిన నెల 'న్యూయార్కర్' పత్రికలో రింగ్‌వాల్డ్ తనే ఈ ప్రశ్నలు వేసుకుని పెద్ద వ్యాసం రాసింది. పాప అదీ చదివింది. బల్ల కింది షాట్‌కు వయసు వచ్చిన వేరే ఆవిడను పెట్టి తీశారట. అయినా తనకు సిగ్గనిపించిందని, తల్లి అభ్యంతరం చెప్పినా సీను ఉండిపోయిందని రాసింది. మరో అసభ్యమైన సీను తీసెయ్యమని పట్టుబడితే హ్యూస్ తీసేశాడని కూడా రాసింది. తనకు పేరు తెచ్చిన సినిమాను ప్రేమిస్తూనే, దాని తప్పు పేరు పెట్టి చెప్పడానికి గుండె నిబ్బరం కావాలి. ఆవిడంటే నాకు గౌరవం పెరిగింది.

చివర్లో పాప ఇంకో మాట అడిగింది. "వీళ్ళలో మనలాంటి వాళ్ళు ఒక్కరూ లేరేం తాతయ్యా?" నిజమే, ఐదుగురూ తెల్లవాళ్ళే. పాప క్లాసులో తెలుగు పిల్లలే నలుగురున్నారు. ఇవాళ ఇదే కథ ఇదే ఊళ్ళో తీస్తే ఆ గదిలో ఒక తెలుగు బిడ్డ తప్పకుండా కూర్చుని ఉంటుంది.

మే 27, ఆదివారం

సినిమా తర్వాతి కథ. సింపుల్ మైండ్స్ బృందం ఈ సినిమాకు పాడిన పాట 1985 మే నెలలో అమెరికాలో మొదటి స్థానానికి వెళ్ళింది. హ్యూస్ రాసిన 'హోమ్ అలోన్' తెలియని పిల్లలు మన దగ్గరా తక్కువే. తర్వాత ఆయన హాలీవుడ్‌కు దూరమై ఇలినాయ్‌లోనే గడిపాడు. 2009 ఆగస్టులో న్యూయార్కులో నడకకు వెళ్ళి గుండెపోటుతో పోయాడు. యాభై తొమ్మిదేళ్ళే. 2016లో లైబ్రరీ ఆఫ్ కాంగ్రెస్ ఈ సినిమాను భద్రపరచవలసిన వాటిలో చేర్చింది.

మన కాలేజీ సినిమాల్లో లెక్చరర్‌ను నవ్వించడానికే పెడతారు. 'నువ్వు నేను'లో ధర్మవరపు సుబ్రహ్మణ్యం గారిని చూసి నేనూ కడుపుబ్బ నవ్వాను. వెర్నన్ కూడా సగం సినిమా దాకా అలాంటివాడే. తర్వాత కింది గదిలో స్వీపరు కార్ల్‌తో కూర్చుని ఆయన మనసులో మాట చెబుతాడు. ఈ పిల్లలే రేపు పెద్దవాళ్ళయి తన ముసలితనంలో తనను చూడాలే అన్న తలపుకు రాత్రిళ్ళు నిద్ర పట్టదంటాడు. ఆ మాట విన్నప్పుడు మా స్టాఫ్ రూమ్ వాసన తగిలింది నాకు. సుద్దముక్కలు, చల్లారిన టీ, జూన్‌లో ఇంతకన్నా మంచి బ్యాచి వస్తుందన్న ఆశ.

జూన్ 2, శనివారం

ఊరి నుంచి పాత సహోద్యోగి ఫోన్ చేశాడు. ఇంటర్ ఫలితాలు వచ్చి నెల దాటినా అక్కడ ఇంకా అదే మాటట. ఎవరికెన్ని, ఎవరి పిల్ల తప్పింది, ఎవరింట్లో ఏం జరిగింది.

ఫోన్ పెట్టేశాక మళ్ళీ బ్రయన్ సీను ఒక్కటీ చూశాను. సులువుగా మార్కులొస్తాయని వాడు చేతిపనుల క్లాసు తీసుకున్నాడు. పింగాణీ ఏనుగు దీపం చెయ్యాలి. తొండం లాగితే లైటు వెలగాలి. వాడిది వెలగలేదు. ఫెయిలయ్యాడు. ఇంట్లో ముఖం ఎలా చూపించాలో తెలియక లాకర్లో ఒక ఫ్లేర్ గన్ తెచ్చి పెట్టుకున్నాడు. అది లాకర్లోనే పేలింది కాబట్టి ఇవాళ ఈ గదిలో ఉన్నాడు. పేలిందని చెప్పగానే ఐదుగురూ నవ్వేస్తారు, వాడు కూడా నవ్వుతాడు. ఏడుస్తూ ఏడుస్తూ నవ్వే ఆ పిల్లవాడి ముఖం చూపించడానికే హ్యూస్ ఈ సినిమా తీశాడని నా నమ్మకం.

సాయంత్రానికి నలుగురు జంటలవుతారు. బ్రయన్‌కు మిగిలింది అందరి వ్యాసమూ తనే రాయడం. అది కూడా పాపే కనిపెట్టింది.

ఆగస్టులో ఊరెళ్ళేటప్పుడు ఒక డిస్కు కొని పట్టుకెళతాను. పిల్లలకు చూపించడానికి కాదు. బూతులూ గంజాయీ ఉన్నాయని దీనికి ఇక్కడే 'ఆర్' సర్టిఫికెట్ ఇచ్చారు. మా బళ్ళో ప్రొజెక్టర్ ఉంది. హెడ్మాస్టర్ నా పాత శిష్యుడే, అడిగితే కాదనడు. ఒక శనివారం, స్కూలు వదిలాక, తలుపు వేసుకుని స్టాఫ్ రూమ్‌లో టీచర్లకు వేస్తాను. ఇంగ్లిషు యాస అందనివాళ్ళకు పక్కన నిలబడి నేనే తెలుగులో చెబుతాను. క్యారియర్ల సీను, ఏనుగు దీపం సీను రెండుసార్లు వేస్తాను.