అరెస్టు చూపించిన తేదీ

అక్కా,

ఫోన్లో నువ్వడిగిన కేసు సంగతి రాస్తానన్నాను కదా. మనిషి దొరికాడు. రిమాండులో ఉన్నాడు, ప్రాణానికి ఢోకా లేదు. అయినా కోర్టులో జరిగింది తలుచుకుంటే కడుపు మండిపోతోంది.

అతని తల్లి వివరాలన్నీ చిన్న కొడుకు లెక్కల నోటుబుక్కు వెనక అట్ట మీద రాసుకొచ్చింది. మంగళవారం రాత్రి పదిన్నర. తెల్ల బొలెరో, నంబరులో చివరి రెండంకెలు. మఫ్టీలో ముగ్గురు. పెద్దోడి చెప్పులు గుమ్మంలోనే ఉండిపోయాయని కూడా రాసింది. అఫిడవిట్‌లో చెప్పుల గొడవెందుకు మేడమ్ అన్నాడు టైపిస్టు. ఉండనీ అన్నాను. రమ్మంటే వెళ్లినవాడు చెప్పులేసుకునే వెళ్తాడు.

స్టేషనుకెళ్తే "మా దగ్గర లేడమ్మా" అన్నారట. పక్క స్టేషన్లోనూ అదే మాట. గురువారం హెబియస్ కార్పస్ పిటిషన్ లంచ్ మోషన్‌గా వేశాం. బెంచి వివరాలు తెమ్మంది. శుక్రవారం ప్రభుత్వ ప్లీడరు గారు లేచి, నిన్న సాయంత్రం బస్టాండు దగ్గర అరెస్టు చేశారు, ఈ పొద్దున మేజిస్ట్రేటు ముందు హాజరుపరిచారు, కాబట్టి పిటిషన్ క్లోజ్ చేయండి అన్నారు.

చూశావా అక్కా, అరెస్టయిన 24 గంటల్లో మేజిస్ట్రేటు ముందు పెట్టాలన్న నియమం కాగితం మీద చక్కగా సరిపోయింది. మనిషిని ఎత్తుకుపోయిన గంట నుంచి కాక, అరెస్టు చూపించిన గంట నుంచి లెక్క మొదలుపెట్టారు. మంగళవారం రాత్రి నుంచి గురువారం సాయంత్రం దాకా ఆ పిల్లాడు ఏ రికార్డులోనూ లేడు. ఒళ్లు హూనమయ్యేదీ, తెల్ల కాగితాల మీద సంతకాలు పడేదీ ఆ వేళల్లోనే. పౌరహక్కుల లాయరు కన్నబిరాన్ గారు తన ఆత్మకథకి '24 గంటలు' అని ఊరికే పేరు పెట్టలేదు. మనిషి కనబడగానే పిటిషన్ మూసేస్తే ఆ రెండు రాత్రుల గురించి అడిగేదెవరు?

ఈచర వారియర్ కేసు మళ్లీ తీసి చదివాను. కాలికట్ ఇంజనీరింగ్ కాలేజీలో చదువుతున్న ఆయన కొడుకు రాజన్‌ని 1976 మార్చి 1న పోలీసులు తీసుకుపోయారు. ఆ హిందీ మాస్టారు తొక్కని గడప లేదు. కోర్టు తలుపూ మూతపడింది. ఎమర్జెన్సీ ఉన్నన్నాళ్లూ ఎవరూ హెబియస్ కార్పస్ అడగడానికి లేదని సుప్రీంకోర్టు ఆ ఏప్రిల్‌లోనే తేల్చేసింది. ఐదుగురు జడ్జీల్లో కాదన్నది ఖన్నా గారొక్కరే. 1977 మార్చిలో ఎమర్జెన్సీ ఎత్తేసిన వెంటనే వారియర్ గారు కేరళ హైకోర్టుకెళ్లారు. అసలు పట్టుకోనేలేదంది ప్రభుత్వం. జడ్జీలు నమ్మలేదు. సాక్షులను విని, రాజన్‌ని తెచ్చి చూపించమన్నారు. కక్కయం క్యాంపులో అతను చనిపోయి అప్పటికి ఏడాది దాటింది. శవం ఈనాటికీ దొరకలేదు. కానీ కోర్టులో చెప్పిన ఆ అబద్ధానికి కరుణాకరన్ ముఖ్యమంత్రి పదవి పోయింది. "మా దగ్గర లేడు" అన్న మాటకి ఒక్కసారైనా జవాబు చెప్పించారు!

రుదుల్ సాహ్ కేసు నువ్వే నాకు చెప్పావు. 1968లో నిర్దోషి అని తేలినవాణ్ని బిహార్‌లో 1982 దాకా జైల్లోనే ఉంచారు. కేసు విచారణకొచ్చేసరికి వదిలేశారు. వదిలేశారు కదా అని సుప్రీంకోర్టులో చంద్రచూడ్ గారి బెంచి ఫైలు మూసేయలేదు, మొత్తం 35 వేలు పరిహారం ఇప్పించింది. పద్నాలుగేళ్ల జీవితానికి అది ఏ మూలకి? అయినా మనకు దారి చూపిన తీర్పు అదే. 1976లో హక్కు లేదన్న నలుగురిలో ఆయనా ఒకరు. ఈ తీర్పుకి మాత్రం ఆయనకి నమస్కారం పెడతాను.

అందుకే సోమవారం దాకా వాయిదా అడిగాను, ఇచ్చారు. స్టేషన్ జనరల్ డైరీ, సీసీ కెమెరా ఫుటేజీ తెప్పించమని మధ్యంతర దరఖాస్తు వేస్తున్నాను. ప్రతి స్టేషన్లో కెమెరాలు పెట్టాలని, ఫుటేజీ ఏడాదికి తక్కువ కాకుండా దాచాలని 2020లో సుప్రీంకోర్టు చెప్పింది. కెమెరా పాడైందంటారు. అననీ, ఆ మాటే ప్రమాణం చేసి చెప్పనీ.

తల్లి మొదట జంకింది. పిల్లాడు దొరికాడు కదమ్మా, ఇంకా వాళ్ల కంట్లో పడటమెందుకంది. నేను బలవంతపెట్టలేదు, ఆ ఊళ్లో రేపు బతకాల్సింది ఆవిడ. ములాఖత్‌కి వెళ్లొచ్చాక తనే ఫోన్ చేసింది. "ఆ రెండు రాత్రుల సంగతి వాడు నాతో చెప్పట్లేదమ్మా, మీరే అడగండి" అంది.

వెళ్లేముందు నువ్వు కట్టి పెట్టిన పాత కౌంటర్ల ఫైలు ఏ బీరువాలో ఉందో ఆదివారం లోపల చెప్పు. ఇలాంటి బస్టాండు అరెస్టులు అందులో చాలా ఉన్నాయి. అన్నీ కలిపి బెంచి ముందు పెడతాను.

నీ చెల్లెలు