బాండుంగ్ టీషర్టులు

నాన్న నూలు మిల్లులో ఇంజనీరు కావడంతో మా కాపురం ఇండోనేషియాలోని బాండుంగ్‌కు చేరింది. 1955లో ఆసియా-ఆఫ్రికా సమావేశానికి నెహ్రూగారు వచ్చిన ఊరని నాన్న గర్వంగా చెప్పేవారు. నాకు మాత్రం బాండుంగ్ అంటే పక్కింటి వెనక వసారా. వీధి పిల్లలందరం 'కాంగ్' అని పిలిచే ఆ ఇంటి అన్నయ్య, స్నేహితులతో కలిసి అక్కడ టీషర్టులు అచ్చేసేవాడు.

చెక్క ఫ్రేముకు బిగించిన సన్నటి గుడ్డ, దాని మీద చిక్కటి రంగు, రబ్బరు పట్టీతో ఒక్క లాగు. ఫ్రేము ఎత్తితే కింద బొమ్మ! తీగ మీద ఆరేయడం మా చిన్నపిల్లల పని. ఆ పని కోసం కొట్టుకునేవాళ్లం.

1997 మధ్యలో డాలరుకు సుమారు 2,400 ఇండోనేషియా రుపియాలు ఉండేవి. మరుసటి ఏడాది ఒక దశలో 16,000 దాటాయి. నూనె ధర విని అమ్మ సంచీ మడిచి తిరిగొచ్చిన రోజులున్నాయి. కుర్రాళ్లు మోజుపడే విదేశీ స్కేట్‌బోర్డు కంపెనీల చొక్కాలు ఇక అందని సరుకయ్యాయి. సరే, మేమే అచ్చేసుకుంటాం అన్నారు వాళ్లు. లేమిలో పుట్టిన ఆ పొగరంటే నాకిప్పటికీ ఇష్టం. ఇళ్ల ముందుగదులు దుకాణాలయ్యాయి. వాటిని 'డిస్ట్రో'లనేవారు. ఒకే బొమ్మ ఊరందరి ఒంటి మీదా కనబడకూడదని కొద్ది చొక్కాలే అచ్చేసేవారు. పక్కనే ఊరి బ్యాండ్ల క్యాసెట్లు, స్టిక్కర్లు, జిరాక్సు తీసి పిన్ను కొట్టిన చిట్టి పత్రికలు. త్రునోజోయో వీధిలో అలాంటి కొట్లు వరసగా వెలిశాయి.

సపారువా ఆటల హాల్లో బర్గర్‌కిల్ లాంటి మెటల్ బ్యాండ్లు వాయించేవి. నన్ను లోపలికి పోనిచ్చేవారు కాదు. గోడకు చెయ్యి ఆనిస్తే డ్రమ్ము దెబ్బ అరచేతికి తెలిసేది.

2002లో 'ఆదా ఆపా దెంగన్ చింతా?' సినిమా వచ్చింది. నాయిక బళ్లో గోడపత్రిక నడుపుతుంది, నాయకుడు కవిత్వం చదువుతాడు. అక్కడి హైస్కూల్లోనే ఆఖరి ఏడాది చదువుతున్న మా అక్క, ఆమె జట్టూ ఒక్కసారిగా కవులైపోయారు. రాత్రిళ్లు గోడపత్రికకు రంగుకాగితాలు కత్తిరించేవారు.

చదువు ముగిసిన రోజు అక్కడి పిల్లలు యూనిఫారాల మీద రంగులు చల్లుకుని, ఒకరి చొక్కా మీద ఒకరు సంతకాలు చేసుకుంటారు. బళ్లో ఎంత వద్దన్నా ఆగేవారు కాదు. దేశమంతా హైస్కూలు ఆడపిల్లలకు ఒకటే తెల్ల చొక్కా, బూడిదరంగు లంగా. ఆ ఒక్కరోజు మాత్రం ఎవరిది వాళ్లదే. అక్క ఆకుపచ్చ, గులాబీ మరకలతో గుమ్మంలోకి రాగానే అమ్మ గుండెలు బాదుకుంది.

"ఇంత రంగు ఉతికితే పోతుందటే?"

"పోకూడదనే వేయించుకున్నానమ్మా."