రమ్మని పొగబెట్టడం

పొమ్మనలేక పొగబెట్టినట్టని మనకో సామెత ఉంది. వచ్చిన చుట్టం ఎన్నాళ్ళకీ కదలకపోతే, "ఇక దయచెయ్యండి" అనడానికి నోరు రాక, పొయ్యిలో పచ్చికట్టెలు దూర్చి ఆయన కళ్ళవెంట నీళ్ళు తెప్పించడమన్నమాట. మన పూర్వులు ఎంత మర్యాదస్థులో చూడండి! అమెరికా దక్షిణాదిలో ఈ సామెత తిరగబడింది. అక్కడ పెరట్లో పొగబెడితే ఉన్నవాళ్ళు పోరు సరికదా, దారినపోయేవాళ్ళు కూడా ఆగి తొంగిచూస్తారు. నార్త్ కరొలైనాలో కాపురముంటున్నవాణ్ణి గనక చెబుతున్నాను, "బార్బెక్యూ" అనే మాటకి సరైన తెలుగు ఒక్కటే: రమ్మని పొగబెట్టడం.

అందులో పెద్దపీట పంది జబ్బది. అంటే ముందుకాలి పైభాగం. రోజంతా ఒళ్ళు మోసిన కండ కాబట్టి నార ఎక్కువ. తొందరపడి వండితే చెప్పు నమిలినట్టే. అందుకే చవక. నడుము దగ్గరి మెత్తని మాంసం ఉన్నవాడి పళ్ళెంలోకి పోతే, జబ్బ లేనివాడి వాటాకొచ్చింది. లేనివాడి దగ్గరున్నవల్లా రెండే: అడవిలో కట్టె, రాత్రంతా మేలుకునే ఓపిక. ఆ రెంటితోనే దాన్ని అమృతం చేశాడు.

పద్ధతి చెప్పడానికి సులువు. 8 పౌన్ల జబ్బకి, అంటే మూడున్నర కిలోల పైచిలుకు, ముందురాత్రే ఉప్పు, మిరియాలపొడి, కారం, కాస్త చక్కెర పట్టించి ఉంచాలి. తెల్లవారుజామున మూతున్న బొగ్గుల పొయ్యిలో నిప్పులు ఒక పక్కకి, మాంసం ఇంకో పక్కకి. సెగ నేరుగా తగలకూడదు. నిప్పుల మీద రెండు హికరీ కట్టెముక్కలు. లోపలి వేడి 225 నుంచి 250 డిగ్రీల ఫారెన్‌హీట్ మధ్య, అంటే సుమారు 107 నుంచి 121 సెల్సియస్, నిలకడగా ఉండాలి. పొగ తెల్లగా గుప్పుమంటే మాంసం చేదెక్కుతుంది. పల్చగా, నీలంగా, ఉందా లేదా అన్నట్టుండాలి. దాలిగుంటలో పిడకల సెగ మీద పొద్దస్తమానం కాగిన ఎర్రటి పాలు తాగినవాళ్ళకి ఈ రహస్యం వేరే చెప్పక్కర్లేదు.

అసలు పరీక్ష మధ్యాహ్నం వస్తుంది. మాంసంలో గుచ్చిన థర్మామీటరు చకచకా 150 దాటి, 160 దగ్గర మొరాయిస్తుంది. గంట, రెండు గంటలు, ఒక్కోసారి నాలుగు. కారణం మన మంచినీళ్ళ కుండే చెబుతుంది. కుండ చెమర్చి నీళ్ళు చల్లబడినట్టే, మాంసంలోంచి పైకొచ్చిన తడి ఆవిరైపోతూ ఎక్కే వేడిని ఎక్కినట్టే పట్టుకుపోతుంది. కొత్తవాళ్ళు ఇక్కడే కంగారుపడి బొగ్గులు ఎగదోస్తారు. ఓపిక లేనివాళ్ళు అల్యూమినియం రేకు చుట్టేస్తారు. పాతకాపులు దాన్ని "టెక్సాస్ ఊతకర్ర" అని వెక్కిరిస్తారు. కాని ఏమీ జరగనట్టు కనబడే ఆ గంటల్లోనే లోపల నార కరిగి జిగురవుతూ ఉంటుంది. 145 డిగ్రీలకే తినడానికి భయం లేదని అక్కడి ప్రభుత్వంవారు చెబుతారు. 200 దగ్గరికొస్తేగాని ఎముక వేళ్ళతో లాగితే ఊడిరాదు.

తినేవేళకి ఇంకో తగవు. తూర్పు ప్రాంతంవాళ్ళు మొత్తం పందిని కాల్చి, వెనిగర్‌లో మిరప కలిపిన పులుసు చల్లుతారు. లెక్సింగ్టన్ వైపువాళ్ళకి జబ్బే ప్రధానం, పులుసులో కాస్త టమాటా కెచప్ కూడా. జబ్బ పేరుచెప్పి ఆ ఊళ్ళో 1984లో ఒక తిరనాళ్ళే మొదలెట్టారు. ఆ కాస్త కెచప్ గురించి ఇరుపక్షాల వాదన వింటే, ఆవకాయలో వెల్లుల్లి ఉండాలా వద్దా అని మనవాళ్ళు కాట్లాడుకోవడం గుర్తొస్తుంది.

ఆలస్యం అమృతం విషమని నేర్చుకొచ్చినవాడికి ఈ పన్నెండు గంటలూ ఏంచెయ్యాలో తోచదు. కుర్చీ వేసుకుని కూచోవాలి, అంతే. అలా కూచున్న ఒక శనివారమే పక్కింటి పెద్దాయన నాతో మొదటిసారి నాలుగు మాటలు మాట్లాడారు. ఆరేళ్ళుగా చెయ్యెత్తి పలకరించుకోవడమే మా స్నేహం. నల్లజాతీయులు, డెబ్బై దాటినవారు. భార్య పోయి ఏడాదయింది. కంచె మీద మోచేతులాన్చి, "హికరీయేనా?" అన్నారు. అవునన్నాను. తన కుర్చీ తానే తెచ్చుకున్నారు.

వాళ్ళ తాతగారు దొరల విందులకి గోతిపొయ్యి దగ్గర రాత్రంతా నిలబడి వండేవారట. అరచెయ్యి చాచి వేడి ఎంతుందో చెప్పేవారట. వంటంతా ఆయనదే. భోజనాల హాల్లోకి మాత్రం ఆయన్ని రానిచ్చేవారు కారు. వెనకగుమ్మం దగ్గర పళ్ళెం అందించేవారు. ఇదంతా ఆయన నిప్పులకేసి చూస్తూ, వంట సంగతి చెబుతున్నట్టే చెప్పారు.

ఇది ఒక్క తాతగారి కథ కాదు. కరీబియన్ దీవుల ఆదివాసుల దగ్గర స్పెయిన్‌వారు విన్న "బార్బకోవా" అనే మాట ఎక్కణ్ణించి వస్తేనేం, దక్షిణాది తోటల్లో ఆ పొయ్యిలు కాచిన చేతుల్లో ఎక్కువ బానిసల చేతులే. విందు దొరలది, పొగ వాళ్ళది.

నాకు మా ఊరి చివర గుడిసెలు గుర్తొచ్చాయి. పందుల్ని పెంచేవాళ్ళనీ తినేవాళ్ళనీ పొమ్మనడానికి మనం పొగబెట్టే శ్రమ కూడా పడలేదు. అసలు రానిస్తేగా! సముద్రం దాటాక అదే మాంసానికి ఇంగ్లీషు పేరు చెప్పి, కాగితప్పళ్ళేలు పట్టుకుని వరసలో నిలబడుతున్నాం.

ఆ సాయంత్రం పెద్దాయన వాళ్ళమ్మగారి కొలతల ప్రకారం కలిపిన వెనిగర్ పులుసు సీసాతో వచ్చారు. కెచప్ మాటెత్తితే మళ్ళీ వెళ్ళిపోతారేమోనని నేను నోరు మెదపలేదు. మొదటి పళ్ళెం ఆయనకే పెట్టాం, ఇంటిలోపల, పెద్దకుర్చీలో కూచోబెట్టి. మా ఆవిడ పంది ముట్టదు. ఆవిడకి వేరే కుంపటి మీద వంకాయలు కాలాయి, పచ్చడికి. పెద్దాయన పచ్చడి కూడా రుచి చూసి, మారు వడ్డించుకుని, "దీనికే కట్టె వాడారమ్మా?" అని ఆవిణ్ణి అడిగారు.

ఇప్పుడు శనివారాలు ఆయన కుర్చీ మా పెరట్లోనే ఉంటోంది. ఎవరి పొయ్యి వారిదే. పొగ మాత్రం కంచెలు చూసుకోదు.