97 దగ్గర గీత

పోయిన వేసవిలో ఇంటర్న్‌షిప్‌కి హైదరాబాద్‌లో ఒక ల్యాబ్‌లో చేరాను. మొదటి రోజే పీహెచ్‌డీ చేస్తున్న అక్క వేలెడంత లేని ట్యూబు చూపించి, "100 మైక్రోలీటర్లు. నీ మెస్ బిల్లు కంటే ఖరీదు. ఐస్ మీంచి తీశావో, అయిపోయావ్" అంది. అందులో ఉన్నది ఆర్గొనాట్-2 అనే ప్రొటీన్‌ని పట్టుకునే యాంటీబాడీ. కుందేలులో తయారైంది.

ఆర్గొనాట్-2 జన్యువుల నోరు నొక్కుతుంది. ఒక చిన్న ఆర్ఎన్ఏ ముక్కని ఆనవాలుగా పట్టుకుని తిరుగుతూ, దానికి జతపడే మెసెంజర్ ఆర్ఎన్ఏ కనబడితే కత్తిరించేస్తుంది. జన్యువు ఎక్కడిదక్కడే ఉంటుంది, దాని మాటే బయటికి రాదు. ఇలా ఆర్ఎన్ఏతో జన్యువుల్ని అణచొచ్చని పురుగుల్లో చూపించిన ఆండ్రూ ఫైర్, క్రెయిగ్ మెలోలకి 2006లో నోబెల్ వచ్చింది.

నా పని వెస్టర్న్ బ్లాట్. కణాల్లోని ప్రొటీన్లని జెల్ మీద సైజు ప్రకారం విడగొట్టి, మెంబ్రేన్ మీదకి ఎక్కించి, పాలపొడి కలిపిన ద్రావణంలో నానబెట్టాలి. అవును, మామూలు పాలపొడే! ఖాళీ జాగాలన్నీ పాల ప్రొటీన్లతో నిండితే యాంటీబాడీ ఎక్కడపడితే అక్కడ అతుక్కోదు. తర్వాత రాత్రంతా యాంటీబాడీలో.

రెండుసార్లు ఏమీ రాలేదు. మూడోసారి నల్లగా, మందంగా ఒక గీత! వెంటనే ఫోటో తీసి నాన్నకి పంపా. "ఏంటమ్మా ఇది?" "నేను పట్టుకున్న ప్రొటీన్ నాన్నా." అమ్మ దాన్ని స్టేటస్ కూడా పెట్టేసింది.

అక్క మాత్రం పక్కనున్న కొలత గీతలు చూసింది. ఆర్గొనాట్-2 దాదాపు 97 కిలోడాల్టన్లు. నా గీత 70 దగ్గర ఉంది. 97 దగ్గర ఏదో మసక.

"ప్రొటీన్ విరిగిందేమో అక్కా?"

"అయ్యుండొచ్చు. కణాల్లోంచి ఆర్గొనాట్-2ని తగ్గించి మళ్లీ చూడు. గీత కూడా తగ్గితే నీదే."

తగ్గించడానికి వాడేది కూడా చిన్న ఆర్ఎన్ఏ ముక్కే. అంటే నోరు నొక్కేదాని నోరు దానిచేతే నొక్కించాలి. మూడు రోజులు పట్టే పని. ప్రెజెంటేషన్‌కి ఇంకా వారమే ఉంది. ఇక్కడ ఒకటి ఒప్పుకోవాలి: కొలత గీతలు కత్తిరించేసి, ఆ నల్ల గీత ఒక్కటే ఉండేలా స్లైడ్ రెడీ చేసుకున్నాను. ఎవరడుగుతారు? ఒక రాత్రంతా ఆ స్లైడ్ నా ల్యాప్‌టాప్‌లో ఉంది.

ప్రయోగం అయితే చేశాను. 70 దగ్గర గీత రెండు వరసల్లోనూ అంతే నల్లగా ఉంది. తగ్గింది 97 దగ్గర మసకగా ఉన్నది. రెండో వరసలో అది దాదాపు మాయమైంది. మా యాంటీబాడీ మా ప్రొటీన్‌ని కొంచెం, ఇంకెవరినో గట్టిగా పట్టుకుంటోందన్నమాట. అక్క తన పాత బ్లాట్లన్నీ తీసి టేబుల్ మీద పరుచుకుని కూర్చుంది. ఆ రోజు ఇద్దరం లంచ్‌కి వెళ్లలేదు.

ప్రెజెంటేషన్‌లో బ్లాట్ మొత్తం చూపించా. "ఆ 70 దగ్గరున్నది ఏంటి?" అని ఒక సార్ అడిగారు. "తెలీదు సార్" అన్నా. ఆయన నోట్‌బుక్‌లో ఏదో రాసుకున్నారు.

దసరాకి ఇంటికెళ్తే నాన్న బాబాయ్‌కి ఆ పాత ఫోటోనే చూపిస్తున్నారు. ఫోన్ తీసుకుని జూమ్ చేసి, "అది కాదు నాన్నా, ఇదిగో ఇదీ" అన్నాను.

నాన్న కళ్లజోడు పెట్టుకుని చూశారు. "ఏదీ, ఏం కనబడట్లేదే" అన్నారు.