తాపీ తీరాన బతుకమ్మ

సూరత్ పేరు చాలా దూరమే ప్రయాణించింది. 1915లో సయాం రాజు వజిరావుధ్ తన రాజ్యంలోని ఓ దక్షిణాది పట్టణానికి సూరత్ థానీ అని నామకరణం చేశాడు. మంచివాళ్ల ఊరు అని దానికి అర్థం. పక్కన పారే నదికి మన తపతి పేరు మీదే తాపీ అన్న పేరు వచ్చింది. నేటి థాయ్‌లాండ్ పటంలో ఆ ఊరూ ఆ నదీ జంటగానే కనిపిస్తాయి. గుజరాత్‌లోని అసలు సూరత్ మాత్రం పేరును బయటికి పంపి మనుషులను లోపలికి రప్పించుకుంది. ఒడిశాలోని గంజాం నుంచి, మహారాష్ట్రలోని ఖాందేశ్ నుంచి, యూపీ, బీహార్‌ల నుంచి, పాత కరీంనగర్, వరంగల్, నల్గొండ జిల్లాల నుంచి.

లింబాయత్ సందుల్లో అడుగుపెడితే మొదట చెవిన పడేది ఏ భాషా కాదు, మరమగ్గాల మోత. సిరిసిల్లలో వీటినే సాంచాలంటారు. ఒక్కో కార్మికుడు ఏకకాలంలో అరడజను సాంచాలకు పైగా చూసుకుంటూ పన్నెండు గంటల షిఫ్టు నడుపుతాడు. నేసిన మీటర్లను బట్టే కూలి. దారం తెగి సాంచా ఆగిందంటే ఆ మేరకు ఆదాయమూ ఆగినట్టే. తాతల కాలంలో చేతిమగ్గం గుంటలో కాళ్లాడించిన కుటుంబాలివి. నూలు చీర చేతులు మారి మిల్లులకు పోయాక వీళ్లు షోలాపూర్, భివండి, ముంబై బాట పట్టారు. కృత్రిమ దారం గిరాకీ పెరిగాక సూరత్ చేరారు. కులవృత్తి చేతిలోనే ఉంది. మారిపోయింది దారం. పత్తి స్థానంలో పాలిస్టర్ వచ్చింది.

ఇక్కడ ఒక తేడా గమనించాలి. గంజాం నుంచి వచ్చే ఒడియా కార్మికుల్లో అధికులు ఒంటరి మగాళ్లు. మెస్సు గదుల్లో వంతులవారీగా పడుకుని, సంపాదన ఊరికి పంపేస్తారు. తెలుగువాళ్లలో చాలామంది కుటుంబాలతో సహా వచ్చారు. అందుకే వాళ్లకు బియ్యం కొట్టు కావాల్సి వచ్చింది, మార్కండేయ జయంతి జరుపుకోవాల్సి వచ్చింది, పిల్లలకు బడి కావాల్సి వచ్చింది. ఆడవాళ్లు ఇంటి గడపలోనే చీరలకు లేసు కుడుతూ, రాళ్లు అతికిస్తూ, మిగిలిన దారాలు కత్తిరిస్తూ సంసారానికి రెండో ఆదాయం సమకూర్చారు. ఈ పనికి పేరూ లేదు, పీఎఫ్ అంతకన్నా లేదు. కానీ లింబాయత్‌లో కొన్న గదుల వెనక ఆ లేసుల కష్టం ఎంతుందో ఆ ఇళ్లలోనివాళ్లకు తెలుసు.

1994 సెప్టెంబర్‌లో ప్లేగు వచ్చినప్పుడు కొద్ది రోజుల్లోనే లక్షల మంది సూరత్ విడిచి పారిపోయారు. వలసవాడికి అలాంటి వేళ గుర్తొచ్చేది సొంతూరే. ఆ మరుసటి ఏడాది మునిసిపల్ కమిషనర్‌గా వచ్చిన ఎస్.ఆర్.రావు చెత్త ఎత్తించి, ఆక్రమణలు కూల్చి, అధికారులను ఆఫీసు గదుల్లోంచి వీధుల్లోకి తరిమి ఊరి రూపు మార్చేశారు. 1996లో ఇన్‌టాక్ సంస్థ దేశంలో చండీగఢ్ తర్వాత పరిశుభ్రమైన నగరం సూరతేనని చెప్పింది. 2006 ఆగస్టులో ఉకాయ్ డ్యాం నీళ్లు వదిలినప్పుడు నగరంలో అత్యధిక భాగం మునిగింది. 2020 లాక్‌డౌన్‌లో మళ్లీ సాంచాలు ఆగాయి, మళ్లీ జనం ఇంటిదారి పట్టారు. ప్రతిసారీ వెళ్లినవాళ్లలో చాలామంది తిరిగొచ్చారు. సొంతూళ్లో సాంచాలు లేకపోలేదు. కానీ సిరిసిల్ల తన నేతకారుల ఆత్మహత్యలతో పత్రికలకెక్కిన ఊరు. అక్కడికి తిరిగి వెళ్లి బతుకుతామన్న ధీమా ఎక్కడిది?

ఈ రెండు నేత ఊళ్ల సంబంధం 2017లో విచిత్రంగా బయటపడింది. తెలంగాణ ప్రభుత్వం బతుకమ్మ పండుగకు కోటికి పైగా చీరలు పంచాలనుకుంది. సిరిసిల్ల అన్నిటినీ వేళకు నేయలేకపోవడంతో దాదాపు సగం సూరత్ నుంచి తెప్పించింది. చీరలు నాసిరకమంటూ కొన్నిచోట్ల మహిళలు వాటిని తగలబెట్టారు. ఊళ్లో పని లేక సూరత్ పోయిన తెలుగువాళ్లూ ఆ నగరపు సాంచాల ముందు నిలబడుతున్నారన్న సంగతి ఆ రభసలో పెద్దగా చర్చకు రాలేదు.

ఇక సూరత్‌లో బతుకమ్మ సంగతి. ఎంగిలిపూల బతుకమ్మ మహాలయ అమావాస్య నాడు మొదలవుతుంది. ఆ మర్నాడే గుజరాతీల నవరాత్రి. అంటే తెలుగింటి ఆడపడుచులు పూల బతుకమ్మ చుట్టూ చప్పట్లు చరుస్తూ తిరిగే రోజుల్లోనే పక్క వీధిలో గుజరాతీ ఆడపడుచులు దీపం పెట్టిన కుండ చుట్టూ గర్బా ఆడుతుంటారు. రెండూ వలయాలే, రెండింట్లోనూ చప్పట్లే. రెండు పండుగలకు ఇంత దగ్గరి పోలిక మరో చోట దొరకడం కష్టం. తంగేడు, గునుగు చేతికందని నగరంలో బంతి, చామంతి పూలతోనే బతుకమ్మ ఎదుగుతుంది. అమ్మమ్మకు పాటలన్నీ కంఠతా వచ్చు. అమ్మ పల్లవి అందుకుంటుంది. మనవరాలు చప్పట్లతో సరిపెట్టి, బతుకమ్మ నిమజ్జనం కాగానే చనియా చోళీ వేసుకుని గర్బాకు పరుగెడుతుంది. దీన్ని సంస్కృతి పతనమని గుండెలు బాదుకోవడం అన్యాయం. ఆ పిల్ల ఒకే సాయంత్రం రెండు పండుగలు చేసుకుంటోంది.

దిగులు పడాల్సింది బడి గురించి. సూరత్ నగరపాలక సంస్థ ప్రాథమిక పాఠశాలలను గుజరాతీ, మరాఠీ, హిందీ, ఉర్దూ, ఒడియా, ఇంగ్లీషులతో పాటు తెలుగు మాధ్యమంలోనూ నడుపుతోంది. వలస కూలీల పిల్లలకు వారి భాషలోనే చదువు చెప్పించే ఇలాంటి నగరాలు దేశంలో ఎక్కువేమీ లేవు. హైదరాబాద్‌కు ఒడిశా నుంచి వచ్చే ఇటుకబట్టీ కూలీల పిల్లలను తలచుకుంటే దీని విలువ తెలుస్తుంది. కానీ చేతిలో నాలుగు రూపాయలు ఆడిన ప్రతి కుటుంబం చూపూ ఇంగ్లీషు మీడియం మీదే. తల్లిదండ్రులను తప్పుపట్టలేం. సూరత్‌లో వజ్రాల ఆఫీసులో గుమాస్తాగానైనా చేరాలంటే గుజరాతీ, హిందీ కావాలి, పైమెట్టు ఎక్కాలంటే ఇంగ్లీషు కావాలి. తెలుగు అక్షరాలకు ఉద్యోగం ఎవరిస్తారు? వాటర్‌జెట్, రేపియర్ మగ్గాలొచ్చి పాత సాంచాలను పక్కకు నెడుతున్న ఊళ్లో తండ్రి పని కొడుకుకు దక్కుతుందన్న భరోసా కూడా తగ్గిపోయింది.

దాంతో ఇంట్లో మాట మిగిలి, రాత జారిపోతోంది. నాయనమ్మతో తెలంగాణ యాసలో గలగలా మాట్లాడే కుర్రాడు ఊరి నుంచి వచ్చిన పెళ్లి శుభలేఖను మాత్రం తండ్రి చేతికిస్తాడు. తండ్రి పైకి చదివి వినిపిస్తాడు. ముహూర్తం తెలిశాక కుర్రాడు ఫోను తీసి నవజీవన్ ఎక్స్‌ప్రెస్‌లో టికెట్లు చూస్తాడు. వరంగల్‌కు దాదాపు ఒక రోజు ప్రయాణం.